చీర కొంగుకి కుచ్చులు ఇంట్లోనే వేస్తున్నా, ముడి జారిపోతోంది

నీలిపోగు:
మా ఆడపడుచు పెళ్ళికి గద్వాల చీర తీసుకున్నాను. కుచ్చులు బయట వేయిద్దామంటే సీజను కదా, ఇప్పట్లో కుదరదంటున్నారు, కూలి కూడా గట్టిగానే అడుగుతున్నారు. సరే మనమే వేద్దామని సిల్కు దారం రీళ్ళు, జరీ దారం తెచ్చుకుని ముందు ఒక పాత చీర మీద చేసి చూస్తున్నా. కుచ్చు మెడ దగ్గర, అంటే పోగులన్నీ కలిపి కట్టే పైభాగంలో, జరీతో ఎంత బిగించినా కాసేపటికి వదులై కిందికి జారుతోంది. పైగా రీలు నుంచి తీసిన దారం ఉంగరాలు తిరిగి ఉంటోంది, కుచ్చు నిటారుగా వేలాడదు. దారం ఎంత కొనాలో కూడా చెప్పండి ప్లీజ్, రంగు సగంలో అయిపోతుందేమోనని ఒకటే టెన్షన్.

మిషనక్క:
జరీ దారం నున్నగా ఉంటుంది, దాంతోనే నేరుగా కడితే జారక ఏం చేస్తుందమ్మా. ముందు కుచ్చు రంగులోనే మామూలు కుట్టు దారం తీసుకుని రెండు మూడు చుట్లు తిప్పి బిగించి ముడెయ్యి, పట్టు అక్కడే ఉండాలి. జరీ దాని మీద అందానికి. అదెలాగంటే, జరీ దారాన్ని మడిచి, మడత కిందికి, కొస పైకి వచ్చేలా మెడ మీద ఆనించి పట్టుకో. దాని మీదుగా పైనుంచి కిందికి ఐదారు చుట్లు పక్కపక్కనే తిప్పు, చుట్టిన కొసని కింద మిగిలిన మడతలోంచి దూర్చి పైకొసని మెల్లగా లాగు. ముడి చుట్ల కిందికి పోయి దాక్కుంటుంది, అప్పుడు రెండు కొసలూ కత్తిరించెయ్యి. ఫెవికాల్ చుక్క పెట్టమని వీడియోల్లో చెప్తుంటారు గానీ పట్టు మీద పడితే మరక పోదు, జోలికెళ్ళకు.

ఇంకోటి, కొంగు అంచు రెండు మడతలు వేసి కుట్టావా? సూది ఆ మడతలోంచే పోవాలి. ఒంటి బట్టలో గుచ్చితే బరువుకి నేత పోగులు పక్కకి జరిగి చిల్లు పడుతుంది.

దారాలపిచ్చి:
లెక్క నేను చెప్తా. కొంగు వెడల్పు దాదాపు 45 అంగుళాలు అనుకోండి. అంగుళానికొకటి చొప్పున 45 కుచ్చులు. ఒక్కోదానికి 5 అంగుళాల పోగులు 20 గుచ్చి మడిస్తే 40 పోగుల కుచ్చు, చివర సమంగా కత్తిరించాక రెండంగుళాల పైచిలుకు పొడవు మిగులుతుంది. అంటే 45 × 20 × 5 = 4500 అంగుళాలు, 125 గజాలు. రీలు మీద మీటర్లు రాసుంటే చూసి కాస్త ఎక్కువే కొనండి, తర్వాత వెళ్తే అదే రంగు దొరుకుతుందన్న గ్యారంటీ లేదు.

ఉంగరాల సంగతికొస్తే, సిల్కు దారం పేరుతో అమ్మేది చాలావరకు విస్కోస్ రేయానే, అంటే పట్టులా మెరిసే కృత్రిమ దారం. తడిస్తే దాని బలం తగ్గుతుంది, కాబట్టి నీళ్ళలో ముంచి లాగొద్దు. ఇడ్లీ పాత్ర ఆవిరి మీద కాసేపు పట్టి వేళ్ళతో కిందికి దువ్వితే చాలు. కత్తిరింపు ఆ తర్వాతే, లేకపోతే మళ్ళీ ఎగుడుదిగుడు.

మిషనక్క:
ఆవిరి సరే గానీ ముదురు ఎరుపు, మెరూన్ దారాలైతే ముందు ఒక ముక్క తడిపి తెల్లగుడ్డలో నొక్కి చూడండి. రంగు దిగితే చీర మీదుండగా ఆవిరి పట్టకండి, విడిగా సాపు చేసుకున్నాకే గుచ్చండి.

పోగులముడి:
అసలు ఒకటి అడగడం మర్చిపోయారు అందరూ. కొంగు చివర నేతలో వదిలిన పోగులు ఉన్నాయా? మగ్గం మీంచి దించినప్పుడు మిగిలే ఆ పోగులుంటే కత్తిరించకండి, వాటితోనే ముడులు వేయొచ్చు, దారం ఖర్చే లేదు. అరంగుళం చొప్పున పాయలు తీసి ఒక వరుస ముడులు, తర్వాత ప్రతి పాయని సగం చేసి పక్క పాయ సగంతో కలిపి రెండో వరుస, వలలా వస్తుంది. మాక్రమే అని గోడకి కట్టుకునేవాటిలోనూ ఇలాగే పాయలు కలుపుతారు. నా మట్టుకు పూసలూ రింగులూ తగిలించినదానికంటే ఇదే బాగుంటుంది.

నీలిపోగు:
పోగులు లేవండీ, షాపులోనే కత్తిరించి ఇచ్చారు. అక్కా, మీరన్నట్టు కుట్టు దారం ముందు కట్టి చూశా, లాగినా కదల్లేదు! పూసలు పెడదామనుకున్నా, గద్వాలకి పర్లేదా?

మిషనక్క:
గద్వాల కొంగు ఓర్చుకుంటుందిలే. ఉప్పాడలాంటి పల్చటివాటికైతే వద్దంటాను, కొంగు లాగేస్తుంది. ప్లాస్టిక్ పూసలు పెడితే ఇస్త్రీకి ఇచ్చేటప్పుడు మాత్రం చెప్పి ఇవ్వు, కరిగి చీరకి అంటుకుంటాయి.