మావోరీలను తెలుగులో ఏమనాలి? పిల్లలకు చెప్పాలి, సలహా ఇవ్వండి

అందరికీ నమస్కారం. వచ్చే ఆదివారం మా ఊరి లైబ్రరీలో తొమ్మిది, పది తరగతుల పిల్లలకు మావోరీ కళాకారిణి, ఫిల్మ్‌మేకర్ లీసా రీహానా గురించి చెప్పాలి. మావోరీలంటే యూరోపియన్లు రాకముందు నుంచీ న్యూజిలాండ్‌లో ఉంటున్న జనం. ఒక్క మాట దగ్గర ఆగిపోయాను.

1804-05లో ఫ్రాన్స్‌లో జోసెఫ్ దుఫూర్ కంపెనీ పసిఫిక్ దీవుల జనం బొమ్మలతో ఒక వాల్‌పేపర్ అచ్చేసింది. అందులో వాళ్లంతా గ్రీకు శిల్పాల్లా పల్చటి బట్టలు కట్టుకుని హాయిగా నాట్యం చేస్తుంటారు. 1779లో హవాయిలో బ్రిటిష్ నావికుడు కెప్టెన్ కుక్‌ను చంపిన ఘట్టం ఎక్కడో వెనకాల, చిన్నగా ఉంటుంది. వెతికితే గానీ కనబడదు. రీహానా ఆ వాల్‌పేపర్‌నే గోడ పొడవునా కదిలే వీడియోగా మార్చి, బొమ్మల చోట నిజమైన మనుషులను నిలబెట్టారు. కుక్ చావు ఇక్కడ మన కళ్లెదుటే జరుగుతుంది. నాకు ఒళ్లు జలదరించింది. 2017లో వెనిస్ బినాలే అనే అంతర్జాతీయ కళా ప్రదర్శనలో న్యూజిలాండ్ తరఫున ఇది ప్రదర్శనకు వెళ్లింది.

ఇంతకీ మావోరీలను పిల్లలకు ఏమని పరిచయం చేయాలి? 'ఆదివాసులు' అంటే మా పిల్లలకు వెంటనే గోండులు, కోయలు, అడవి గుర్తొస్తాయి. 'మూలవాసులు' వాళ్లకు కొత్త మాట. 'తెగ' అని మాత్రం అనను, అందులో ఆ వాల్‌పేపర్ వాళ్లను చూసిన చూపే ఉంది.

టీచర్లు, ఆక్లండ్‌లో ఉంటున్న తెలుగువాళ్లు, మీరైతే ఏ మాట వాడతారు? కుక్‌ను చంపే దృశ్యం ఈ వయసు పిల్లలకు చూపించవచ్చా? శనివారంలోపు చెబితే చాలా మేలు చేసినవారవుతారు.