రెక్క విరిగిన అల్లల్లు: గిల్గమేష్ గాథలోని మూడు పాదాలను తెలుగులో ఎలా చెప్పాలి?

ప్రశ్న

సభ్యులకు నమస్కారం. ప్రాచీన మెసొపొటేమియా (నేటి ఇరాక్ ప్రాంతం) మట్టి పలకల మీద దొరికిన, ఉరుక్ నగర రాజు గిల్గమేష్ గాథను పెద్ద తరగతుల పిల్లలు చదువుకోగల తెలుగు వచనంలో తిరిగి చెప్పే ప్రయత్నంలో ఉన్నాను. ఆరవ పలకలో ఇష్తార్ దేవత తనను పెళ్లాడమని అడిగినప్పుడు, గిల్గమేష్ ఆమె పాత ప్రియులకు పట్టిన గతిని ఏకరువు పెడతాడు. అందులో రెక్క విరిగిన ఒక పక్షి అడవిలో నిలబడి ‘కప్పీ’ అని అరుస్తుందని ఉంది. ఈ పక్షిని పాలపిట్ట అనవచ్చునా? ఆ అరుపును తెలుగులో ఎలా రాయాలి? నేను చూసిన కొన్ని ఇంగ్లీషు కథనాల్లో ఈ పక్షి ప్రస్తావనే లేదు కనుక, వదిలివేస్తే వచ్చే నష్టమేమిటన్న సందేహం కూడా ఉంది.

మొదటి సమాధానం

వదలవద్దు. ఆ జాబితాలోని చిన్న కథల్లో ఒకటీ, అన్నిటికంటె పదునైనదీ ఈ పక్షి కథే. అక్కడియన్ (ఆ గాథ రాసిన ప్రాచీన భాష) మూలంలో అది మూడు పాదాలు మాత్రమే. తెలుగు లిపిలో దాదాపుగా ఇలా వస్తుంది: ‘అల్లల్ల బిత్రుమ తరామీమ / తమ్‌ఖసీషూమ కప్పషు తల్తెబ్రీ / ఇజ్జజ్ ఇన కీషాతిమ్ ఇషస్సి కప్పీ.’ చిత్రవర్ణాల అల్లల్లు పక్షిని వలచావు, దానిని కొట్టి రెక్క విరిచావు, అది అడవుల్లో నిలబడి ‘నా రెక్క’ అని అరుస్తుంది అని భావం. ‘కప్పు’ అంటే రెక్క, చివరి దీర్ఘం ‘నా’ అనే అర్థాన్నిస్తుంది. మన ఇంటి కప్పుతో దీనికి చుట్టరికమేమీ లేదు. అయితే మీ పాఠకుడికి మొదట తోచేది అదే, కనుక మూల శబ్దాన్ని యథాతథంగా ఉంచడం నాకు సమ్మతం కాదు.

ఇక్కడ క్రియల కాలాన్ని గమనించాలి. వలచడం, కొట్టడం, విరవడం జరిగిపోయిన పనులు. నిలబడడం, అరవడం మాత్రం నేటికీ సాగుతున్న పనులు. గిల్గమేష్ చెబుతున్నది ఒకనాటి సంఘటనను కాదు, ఆ పక్షి జాతి మొత్తం అలా ఎందుకు కూస్తుందో చెప్పే కారణకథను. ఇంగ్లీషు కథనాలు ‘ఇప్పుడు’ అన్న మాటను అదనంగా చేర్చి ఈ తేడాను చూపవలసి వస్తోంది. మన వ్యాకర్తలు తద్ధర్మార్థకమని పేరు పెట్టిన క్రియారూపం ఉండగా తెలుగుకు ఆ అవసరం లేదు. ‘అరిచింది’ అనకుండా, ‘అరుస్తోంది’ అని కూడా అనకుండా, ‘అరుస్తుంది’ అంటే చాలు. సూర్యుడు తూర్పున ఉదయిస్తాడన్నట్లు, ఆ పక్షి అడవిలో నిలబడి అరుస్తుంది.

ఇక పక్షి సంగతి. అల్లల్లును కొందరు పండితులు ఇంగ్లీషులో రోలర్ అనే జాతిగా గుర్తించారు. గాలిలో పైకెగసి, పక్కలకు దొర్లుతూ, పల్టీలు కొడుతూ దిగడం వల్ల ఆ జాతికి ఆ పేరు వచ్చింది. జోడు కట్టే కాలంలో అది చేసే ఈ విన్యాసాన్ని కింద నిలబడి చూసేవారికి ఒక రెక్క పనిచేయని పక్షి పడిపోతున్నట్లే కనబడుతుంది. పైగా ఒంటి నిండా రంగులు, గొంతు మాత్రం కటువు. మూడు పాదాల్లోని వివరాలన్నీ, అంటే చిత్రవర్ణం, విరిగిన రెక్క, అడవి, అరుపు, ఈ ఒక్క జాతిలో కలుస్తున్నాయి కనుక ఆ గుర్తింపు నాకు బలంగా తోస్తుంది. ఇరాక్‌లో గూళ్లు కట్టే యూరప్ రోలర్‌కు మన పాలపిట్ట దగ్గరి బంధువే. కాబట్టి పక్షిశాస్త్రం దృష్టిలో ‘పాలపిట్ట’ అనడం తప్పు కాదు.

కథనం దృష్టిలో మాత్రం కొంత చిక్కుంది. తెలుగువారికి పాలపిట్ట దసరానాటి శుభశకునం, తెలంగాణకు రాష్ట్ర పక్షి. ఆ పేరు వినగానే పాఠకుడి మనసు ఉరుక్ నగరాన్ని విడిచి జమ్మిచెట్టు దగ్గరికి వెళ్లిపోతుంది. వీరుడు దేవతను దూషిస్తున్న సమయంలో ఆ మంగళప్రదమైన స్ఫురణ అడ్డు తగులుతుంది. అందువల్ల మొదటిసారి ‘పాలపిట్టను పోలిన చిత్రవర్ణాల అల్లల్లు’ అని పరిచయం చేసి, తరువాత అల్లల్లు అనే పేరునే వాడమని నా సలహా. పేరు పలకడానికి తేలిక, తెలుగు చెవికి పరాయిగా కూడా వినిపించదు.

అరుపు విషయంలో మన భాషకు ఒక అదృష్టం కలిసివచ్చింది. రోలర్ జాతి పక్షుల కూత గరగరమనే ‘రాక్ రాక్’ ధ్వని. మన ‘రెక్క’ అన్న మాట అచ్చంగా ఆ ధ్వనికి దగ్గరగా ఉంది. ‘రెక్క! రెక్క!’ అని రాస్తే అర్థమూ కూతా రెండూ ఒకేసారి వినిపిస్తాయి. అక్కడియన్ కవి ‘కప్పీ’తో సాధించింది కూడా అదే కదా. ‘నా’ను చేర్చవద్దు. తలుపు సందున వేలు నలిగిన తెలుగువాడు ‘వేలు, వేలు’ అని కేక వేస్తాడే గాని ‘నా వేలు’ అనడు. నొప్పిలో సర్వనామం దానంతటదే లుప్తమవుతుంది. కాకి ‘కావు కావు’ అంటే రక్షించమనే అర్థం విన్న కవులున్న భాషలో ఇటువంటి కూతను పాఠకుడు ఇట్టే అందుకుంటాడు.

మరొక సభ్యురాలి అభ్యంతరం

పక్షి గురించి చెప్పినది బాగుంది. నా ఇబ్బంది వేరు. ఆధునిక కథనాల్లో ఇష్తార్ ఎప్పుడూ ప్రియులను నాశనం చేసే క్రూరురాలిగానే మిగులుతోంది, ఆ మచ్చకు ఆధారం ఈ జాబితాయే. అది నిజమో కాదో మనకు తెలియనప్పుడు, ‘వలచావట, రెక్క విరిచావట’ అని ‘అట’ చేర్చితే న్యాయంగా ఉండదా? ఇంగ్లీషుకు లేని ఆ సౌకర్యం మనకు ఉన్నది కదా!

రెండవ సమాధానం

అమ్మా, మీ అనుమానం సరైనదే గాని, మందు వేయవలసిన చోటు అది కాదు. ‘అట’ అన్నది చెప్పేవాడు తన మాటకు పూచీ పడనప్పుడు వాడేది. గిల్గమేష్ పూచీ పడుతున్నాడు. వినికిడి మాటలు చెబుతున్నట్లు అతడు తగ్గడు. అతడి నోట ‘విరిచావట’ అని పెడితే వీరుడు కాస్తా పుకార్లు మోసేవాడవుతాడు. సందేహం కథకుడిది కావాలి, పాత్రది కాకూడదు.

జరుగుతున్న పొరపాటల్లా ఆ మాటల యజమానిని మరచిపోవడమే. సంక్షిప్త కథనాల్లో ఈ జాబితా గిల్గమేష్ నోటి నుంచి జారి కథకుడి నోటికి చేరుతుంది. ‘ఇష్తార్ తన ప్రియులందరినీ హింసించింది’ అన్న ఒక్క వాక్యమై స్థిరపడుతుంది. దీనికి విరుగుడుగా దేవత పక్షం వహించే కథనాలు మొత్తం దూషణను పురుషాహంకారంగా తేల్చి, ఆమె ప్రియుల జాబితాలోని పక్షినీ సింహాన్నీ గుర్రాన్నీ కట్టకట్టి పక్కన పెడతాయి. నాకు రెండూ నచ్చవు. మూలంలో ఇష్తార్ ఏడుస్తూ స్వర్గానికి వెళ్లి, గిల్గమేష్ తనను తిట్టాడని తన తండ్రి అయిన అను దేవుడికి ఫిర్యాదు చేస్తుంది. రాజును ముందు కవ్వించినది నీవే కదా అని అను అడుగుతాడు. ఆమె ఆరోపణలను కాదనదు, దివ్యవృషభాన్ని ఇమ్మని అడుగుతుంది, ఇవ్వకపోతే పాతాళ ద్వారాలు పగలగొట్టి చచ్చినవారిని బతికినవారి మీదికి వదులుతానని బెదిరిస్తుంది. అంటే కవి ఆమెను నిర్దోషిగా చూపలేదు. అలాగని తీర్పు తన నోట చెప్పనూ లేదు. పదకొండవ పలకలో ఇదే ఇష్తార్ ప్రళయాన్ని చూసి పురిటి నొప్పులు పడే స్త్రీలా కేకలు పెడుతుంది. తాను కన్న జనమే చేపపిల్లల్లా సముద్రాన్ని నింపారని వలపోస్తుంది. ఆరవ పలకను చెప్పి పదకొండవ పలకలోని ఈ ఏడుపును వదిలే కథనం సగం దేవతనే చూపినట్లు.

చెప్పే గొంతు ఎవరిదన్న ప్రశ్న ఆధునికులకు తట్టకపోలేదు. రాబర్ట్ సిల్వర్‌బర్గ్ 1984లో ప్రచురించిన నవలలో గిల్గమేషే ఉత్తమ పురుషలో తన కథ చెప్పుకుంటాడు కనుక, అక్కడ దేవత గురించిన ప్రతి మాటా ఒక మనిషి మాటగానే వినబడుతుంది. దీనికి ఎదురుగా 1983లో డయాన్ వోక్‌స్టైన్, శామ్యూల్ నోవా క్రేమర్ కలిసి ఇనన్నా (ఇష్తార్‌కు సుమేరియన్ పేరు) గురించిన సుమేరియన్ కావ్యాలను వరుసగా కూర్చి దేవత జీవితగాథగా మలచారు. విడివిడి పలకల మీద దొరికిన పాటలు అలా వరుసలో చేరేసరికి బాల్యం, ప్రణయం, పాతాళ ప్రయాణం అనే క్రమం మూలంలోనే ఉన్నదని పాఠకుడు నమ్ముతాడు. పుస్తకం అందమైనదే, కాని ఆ అతుకులు వేసింది ఆధునికులని గుర్తుంచుకోవాలి.

తెలుగులో చేయవలసినది సులభం. మన వాక్యంలో ‘అని అన్నాడు’ అన్నది చివర వస్తుంది. ఆరుగురు ప్రియుల జాబితా ముగిసేసరికి మాట ఎవరిదో పాఠకుడు మరచిపోతాడు. అందువల్ల మన కథకులు చేసినట్లు ముందే ‘గిల్గమేష్ ఏమన్నాడంటే’ అని ఎత్తుకుని, ‘రా, నీ ప్రియుల సంగతి ఏకరువు పెడతాను’ అన్న అతడి మాటతో మొదలుపెట్టి, నడుమ ఒకటి రెండు చోట్ల ‘అంటాడు’ అని ఆపండి. ‘నీవు’ అన్న సంబోధనను మార్చనక్కరలేదు. దేవుళ్లను మనం భక్తిలోనూ కోపంలోనూ నీవనే అంటాము. దీనిని నిందాస్తుతి అనుకుని మెత్తబరచవద్దు. ఇందులో దాగిన స్తుతి ఏదీ లేదు, కాలు కరిచే చెప్పుతోనూ, మోసేవాడిని తడిపే నీళ్లతిత్తితోనూ ఆమెను పోల్చాడు.

ప్రశ్న అడిగినవారి మాట

కృతజ్ఞతలు. ఒక్క చిన్న అనుబంధ ప్రశ్న. జాబితాలో చివరివాడైన తోటమాలి ఇషుల్లానును ఆమె ‘దల్లాలు’గా మార్చినట్లు ఉంది. ఒక కథనంలో అది కప్ప, మరొకదానిలో మరుగుజ్జు. ఏది తీసుకోవాలి?

మూడవ సమాధానం

ఆ మాటకు అర్థం ఇప్పటికీ తేలలేదు. కప్ప అన్నా మరుగుజ్జు అన్నా ఊహలే. మూల శబ్దాన్ని ఉంచుదామంటే, ముఖ్యంగా హైదరాబాదు పాఠకులకు దల్లాలు అనగానే ఇళ్ల బేరాలు కుదిర్చే దలాలు గుర్తుకు వచ్చి నవ్వు పుడుతుంది. తోటమాలి వంతు ఇంగిత జ్ఞానంతో దాటవచ్చు. ఆమె తండ్రి అను తోటలో పనిచేస్తూ రోజూ బుట్టలతో ఖర్జూరాలు తెచ్చే ఇషుల్లాను ఆమెను కాదన్నాడు. ‘మా అమ్మ వండలేదా, నేను తినలేదా’ అని అడిగాడు. అందుకు ఆమె అతడిని కొట్టి, రూపం మార్చి, అతడు చెమటోడ్చిన చోటనే కూర్చోబెట్టింది. శిక్షలోని క్రూరత్వం ఏ జంతువుగా మార్చిందన్న దానిలో లేదు, తన కష్టం నడుమనే కదలలేకుండా చేయడంలో ఉంది. కనుక ‘అతడిని ఒక అల్పజీవిగా మార్చి, అతడు పెంచిన తోట నడుమనే ఉంచావు’ అని రాయండి.