డిర్క్ పాసర్ గురించి తెలిసినవాళ్లున్నారా?

ప్రశ్న (అమలాపురం నుంచి): మా ఊళ్లో సంక్రాంతి నాటకాల్లో నాకెప్పుడూ నవ్వించే వేషమే ఇస్తారండి. ఈసారి కొడుకుని పోగొట్టుకున్న తండ్రి పాత్ర అడిగితే, నువ్వు స్టేజీ ఎక్కగానే జనం నవ్వేస్తారు అంటున్నారు. డెన్మార్క్‌లో డిర్క్ పాసర్ అనే హాస్యనటుడికీ ఇలాగే జరిగిందట, నిజమేనా?

జవాబు (రాజోలు): నిజమేనండి. అమెరికన్ రచయిత స్టైన్‌బెక్ కథలోని లెన్నీ పాత్ర, అంటే బలం ఎక్కువ, బుద్ధి ఎదగని అమాయకుడు, ఎంతో ఇష్టంగా వేస్తే, జనం ఆయన్ని చూడగానే నవ్వేశారు. 1926లో పుట్టాడు, పొడుగు మనిషి. రాసిన డైలాగు వదిలేసి అక్కడికక్కడే అల్లుకుపోయేవాడు, దాన్ని తట్టుకుని జోడీ కట్టినవాడు కెల్ పేటర్సన్. అతను 1962లో పోయాక పాసర్ కొన్నేళ్లు స్టేజీ రెవ్యూల (పాటలు, హాస్య అంశాలు కలిపి వేసే ప్రదర్శనల) జోలికే వెళ్లలేదు.

జవాబు (తణుకు): నాకు డేనిష్ ఒక్క ముక్క రాదు, అయినా రష్యన్‌లా వినిపించే అర్థంలేని మాటలతో ఆయన చేసిన అంశం చూసి పొట్ట పట్టుకున్నాను. 1980 సెప్టెంబర్ 3న కోపెన్‌హేగన్‌లోని టివోలీ వినోద పార్కులో స్టేజీ ఎక్కబోతూ, విదూషకుడి వేషంలోనే కుప్పకూలిపోయాడు. 54 ఏళ్లే. అది తలుచుకుంటే ఇప్పటికీ బాధేస్తుంది.

జవాబు (రాజమండ్రి): మన ఊరి రాజబాబు గారు నవ్వించారు, ఏడిపించారు కూడా. మీరు వెనక్కి తగ్గకండి బాబూ. మొదటి సీనులో డైలాగు తీయించేసి, నవ్వు ఆగేదాకా కదలకుండా నిలబడండి చాలు.

ప్రశ్న వేసినవారు: చాలా థ్యాంక్సండి. ఆదివారం రిహార్సల్లో అలాగే నిలబడి చూస్తాను.