‘ఇన్‌ఛార్జి’ అధికారిని తెలుగులో ఏమనాలి?

‘ఇన్‌ఛార్జి డీజీపీ’ అనే బదులు ‘తాత్కాలిక డీజీపీ’ అంటే సరిపోతుంది కదా, ఆ ఇంగ్లిషు మాట ఎందుకని అడిగిన మిత్రునికి ఈ జవాబు. సరిపోదనే నా అభిప్రాయం.

కె.వి. రాజేంద్రనాథ్‌రెడ్డి సంగతే చూడండి. ఇంటెలిజెన్స్ విభాగాన్ని చూస్తున్న ఆయనకు 2022 ఫిబ్రవరిలో ఆంధ్రప్రదేశ్ డీజీపీ బాధ్యతలు అప్పగించారు. అయితే అవి ‘పూర్తి అదనపు బాధ్యతలు’. ఆఫీసుల్లో దీన్నే ఎఫ్‌ఏసీ అంటారు. 2024 మే నెలలో ఎన్నికల సంఘం బదిలీ చేసేదాకా, అంటే రెండేళ్లకు పైగా, ఆయన ఆ హోదాలోనే ఉన్నారు. పోలీసు సంస్కరణలపై వచ్చిన ప్రకాశ్‌సింగ్ కేసులో సుప్రీంకోర్టు 2006లో పూర్తిస్థాయి డీజీపీకి ఇవ్వాలన్న కనీస పదవీకాలమే రెండేళ్లు! (తాత్కాలిక డీజీపీని నియమించాలన్న ఆలోచనే ఏ రాష్ట్రమూ చేయరాదని 2018లో అదే కోర్టు చెప్పింది. అది వేరే కథ.) అంత కాలాన్ని ‘తాత్కాలికం’ అనడానికి నాకైతే నోరు రాదు. ‘ఇన్‌ఛార్జి’తో ఆ చిక్కు లేదు. అది కాలం ఊసే ఎత్తదు.

మరి ‘అదనపు’ అనవచ్చు కదా అంటారేమో. అసలు గొడవ అక్కడే ఉంది. అదనపు డీజీపీ అనేది విడిగా ఒక హోదా, డీజీపీ కంటే ఒక మెట్టు కింద. తెలంగాణలో అదనపు కలెక్టర్ అన్నదీ అంతే, అదొక పోస్టు. ‘అదనపు బాధ్యతలు’ అన్నప్పుడు అదనం పనికి చెందుతుంది, దాన్ని కత్తిరించి ‘అదనపు డీజీపీ’ అంటే అదనం మనిషికి అంటుకుంటుంది. పెద్ద కుర్చీలో కూర్చున్న మనిషి ఒక్క మాటతో మెట్టు దిగిపోతాడు.

మండల స్థాయిలో ఇది ఇంకా బాగా తెలుస్తుంది. చాలాచోట్ల ఎంఈఓ (మండల విద్యాధికారి) బాధ్యతలు ఒక ఉన్నత పాఠశాల ప్రధానోపాధ్యాయుడే చూస్తుంటారు. సంతకం కింద ముద్రలో ‘ఎంఈఓ’, దాని పక్కన బ్రాకెట్లో ‘ఎఫ్‌ఏసీ’. పొద్దున బడి, మధ్యాహ్నం మండల కార్యాలయం, రెండు చోట్లా దస్త్రాలు. ఈ అదనపు పనికి ప్రభుత్వోద్యోగుల సర్వీసు నిబంధనలైన ఫండమెంటల్ రూల్స్‌లోని 49వ నిబంధన కొంత అదనపు వేతనం ఇస్తుంది. మొదటి మూడు నెలలకు ఒక లెక్క, తర్వాతి మూడు నెలలకు అంతకంటే తక్కువ, ఆ పైన ఏమీ లేదు. నిబంధన రాసినవారి దృష్టిలో ఇది ఆరు నెలల ముచ్చట అన్నమాట. ‘ఇన్‌ఛార్జిల పాలన’ అని జిల్లా పేజీల్లో పదేపదే శీర్షిక వస్తోందంటే ఆ ఆరు నెలలు ఎక్కడ దాటిపోయాయో ఊహించుకోవచ్చు.

న్యాయస్థానాల వరకు ‘తాత్కాలిక’ బాగానే స్థిరపడింది. రాజ్యాంగం 223వ అధికరణం కింద నియమితులయ్యేవారిని ‘తాత్కాలిక ప్రధాన న్యాయమూర్తి’ అనే రాస్తున్నాం. ఉమ్మడి హైకోర్టులో జస్టిస్ రమేశ్ రంగనాథన్ 2016 నుంచి 2018 దాకా దాదాపు రెండేళ్లు ఆ పదవిలో ఉన్నా ఎవరూ మాట మార్చలేదు. వాడుకలో పడ్డాక అర్థాన్ని ఎవరు తూకం వేస్తారు! ‘ఆపద్ధర్మ’ మాత్రం ముఖ్యమంత్రులు, ప్రధానుల వంటివారికే దక్కింది. 2018 సెప్టెంబరులో శాసనసభ రద్దయ్యాక కేసీఆర్‌ను అలాగే అన్నారు. శాంతిపర్వంలో భీష్ముడు ధర్మరాజుకు చెప్పిన ఆపద్ధర్మం రాజు ఆపదలో ఉన్నప్పటిది కాబట్టి, ‘ఆపద్ధర్మ తహసీల్దారు’ అంటే నవ్వు వస్తుంది.

అయితే ‘ఇన్‌ఛార్జి’ని వెనకేసుకొచ్చేవారు కూడా ఒకటి గమనించాలి. ‘ఇన్‌ఛార్జి కలెక్టర్’ అంటే మరొకరి కుర్చీని చూస్తున్నవారు. ‘జిల్లా ఇన్‌ఛార్జి మంత్రి’, ‘నియోజకవర్గ ఇన్‌ఛార్జి’ అలా కాదు, ఆ బాధ్యత వారిదే. అందుకే వార్త లోపల నేను ‘డీజీపీ బాధ్యతలు చూస్తున్న’ అని రాస్తాను. శీర్షికలో అంత చోటు ఉండదు, అక్కడ ఇన్‌ఛార్జినే ఉండనివ్వండి.