పంచదార తగ్గించి మామిడి జాము: గట్టిపడుతుందా?

పటమట_కోడలు:
నూజివీడు నుంచి చిన్నరసాలు ఒక బుట్ట, బంగినపల్లి ఒక బుట్ట వచ్చాయి. తిన్నాం, ఇరుగుపొరుగుకి పంచాం, ఇంకా ఉన్నాయి. అన్నీ ఒక్కసారే పండిపోతున్నాయి. మామగారికి షుగరు. అయినా పొద్దున బ్రెడ్డు మీద జాము పడాల్సిందే! కిలో గుజ్జుకి పావుకిలో పంచదారతో చేస్తే గట్టిపడుతుందా? బయట ఎన్నాళ్లు నిలవుంటుంది? పంచదార బదులు బెల్లం వేస్తే షుగరు వాళ్లకి ఫరవాలేదని మా తోడికోడలు అంటోంది.

బ్రాడీపేట_పిన్ని:
బెల్లం కూడా చక్కెరేనమ్మాయ్. రంగు నల్లబడి, మామిడి వాసన పోవడం తప్ప మామగారికి ఒరిగేదేం లేదు. ఈ మాట మీ తోడికోడలికి నువ్వు చెప్పకు, డాక్టరుగారి చేత చెప్పించు.

రసాలు జాముకి పెట్టకు. పీచు, పైగా అంతా రసమే. పిండుకుని పూరీల్లోకి తినండి. బంగినపల్లి గుజ్జు కిలో తియ్యి. దానికి పావుకిలో బాగా పుల్లటి పచ్చిమామిడి ముక్కలు కలపాలి, కిటుకంతా ఇక్కడే ఉంది. జాము గట్టిపడడానికి కావలసిన పెక్టినూ, పులుపూ రెండూ పండు కంటే పచ్చికాయలో ఎక్కువ. ముక్కల్ని కాసిని నీళ్లలో మెత్తగా ఉడికించి, మెదిపి, గుజ్జు పోసి దగ్గర పడనివ్వు. పంచదార 300 గ్రాములు, రెండు నిమ్మకాయల రసం ఆ తర్వాత. అడుగు మందంగా ఉన్న స్టీలు గిన్నె వాడు. అల్యూమినియం వద్దు, పులుపుకి పడదు. ఉడికేటప్పుడు చేతుల మీదికి చిందుతుంది, పొడుగు కాడ గరిటె పట్టుకో. ఫ్రీజర్లో పెట్టిన పళ్లెం మీద ఓ చుక్క వేసి వంచితే జారకూడదు. బజారు జాములా చాకుతో కోసేలా మాత్రం రాదు, మెత్తగానే ఉంటుంది.

బయట పెట్టే ఆలోచన మానెయ్యి. ఆవకాయకి ఉప్పెలాగో జాముకి పంచదార అలాగ, తగ్గించావంటే బూజే. అందులోనూ బెజవాడ ఎండలు!

బాపట్ల_ఫుడ్‌టెక్:
పిన్నిగారు చెప్పింది కరెక్టు. మామూలు జాములో చక్కెరా, కరిగిన ఇతర పదార్థాలూ కలిపి నూటికి 65 పాళ్లు ఉంటాయి. ఆ చక్కెర నీటిని తనవైపు లాక్కుంటుంది కాబట్టే పెక్టిన్ పోగులు ఒకదాన్నొకటి పట్టుకుంటాయి, బూజుకీ నీళ్లు అందవు. ఇంకా తగ్గించాలంటే లో మెథాక్సిల్ పెక్టిన్ అని దొరుకుతుంది. అది పంచదారతో కాదు, కాల్షియంతో గడ్డకడుతుంది. నిమ్మరసం మాత్రం తగ్గించొద్దు. బాగా పండిన మామిడిలో పులుపు చాలదు. పీహెచ్ (పులుపు కొలత, అంకె తగ్గేకొద్దీ పులుపు ఎక్కువ) 4.6 కంటే కింద ఉంటేనే బొటులిజం అనే ప్రమాదకరమైన విషాన్ని తయారుచేసే బాక్టీరియా పెరగదు.

ఇంకోటి, పండులోనే చక్కెర ఉంది. కిలో గుజ్జులో సుమారు 140 గ్రాములు. మీరు వేసే 300 కలిపితే 440. ఇది తక్కువ పంచదార జామే గానీ షుగర్‌ఫ్రీ కాదు, మామగారికి చెంచా లెక్క ఉండాల్సిందే.

పటమట_కోడలు:
ఆయన చెంచా అంటే గరిటె అండీ! పంచదార అసలు మానేసి, షుగరు వాళ్లు కాఫీలో వేసుకునే బిళ్లలు వేస్తే?

బాపట్ల_ఫుడ్‌టెక్:
తీపి వస్తుంది, గట్టిపడదు, నిలవుండదు. ఆస్పర్టేమ్ బిళ్లలైతే ఉడికిస్తే ఆ తీపీ తగ్గిపోతుంది, పొయ్యి ఆర్పాకే కలపాలి.

బ్రాడీపేట_పిన్ని:
చిన్న చిన్న సీసాలు పెట్టుకో అమ్మాయ్. పెద్ద సీసా అయితే రోజూ మూత తీస్తారు, తడి చెంచా పెడతారు. సీసాల్ని పది నిమిషాలు నీళ్లలో మరిగించి, వేడి మీదే జాము పోసి, చల్లారాక ఫ్రిజ్‌లోకి. మూడు వారాల్లో అవగొట్టండి. మిగతాది ప్లాస్టిక్ డబ్బాల్లో పైన కాస్త ఖాళీ వదిలి ఫ్రీజర్లో పెట్టుకో. బూజు కనిపిస్తే పైపైన తీసేసి తినొద్దు, సీసా మొత్తం పారెయ్యి.

వచ్చేసారి జామకాయతో చెయ్యి. దాంట్లో పెక్టిన్ దండిగా ఉంటుంది, ఇంత అవస్థ ఉండదు. గింజలు వడకట్టేటప్పుడు మాత్రం చేతులు పడిపోతాయి, ఆ పని మామగారికి అప్పజెప్పు.