నటి వండి చూపిస్తే అది చరిత్రేనా?

పాతపొయ్యి:
ఇంగ్లండ్‌లో ఎసెక్స్ ప్రాంతంలోని ఆడ్లీ ఎండ్ భవనంలో 1880ల్లో ఏవిస్ క్రోకోమ్ అనే వంటావిడ పనిచేసేది. ఆవిడ చేతిరాత వంటల పుస్తకం దూరపు బంధువు ద్వారా, పాత కట్టడాలను చూసుకునే ఇంగ్లిష్ హెరిటేజ్ సంస్థకు చేరింది. నటి క్యాథీ హిప్పర్సన్ ఆవిడ వేషంలో అదే భవనంలో వండిన యూట్యూబ్ వీడియోలు మీలో చాలామంది చూసే ఉంటారు. నాకూ ఇష్టమే. కానీ వాటిని డాక్యుమెంటరీలు అనకూడదు. క్రోకోమ్ ఎలా మాట్లాడేదో, దేనికి విసుక్కునేదో రికార్డు లేదు. 1881 జనాభా లెక్కల్లో ఒక పేరుగా మిగిలిన మనిషికి మనం గొంతు పెట్టేశాం. రేపు పిల్లలు అదే అసలు గొంతు అనుకుంటారు.

గోంగూర_గుంటూరు:
ఒప్పుకోనండి. పుస్తకంలో ‘బాగా గిలకొట్టాలి’ అని ఒక్క ముక్క ఉంటుంది. ఎంతసేపు? ఏ చేత్తో? చేస్తేనే తెలుస్తుంది. మా అమ్మమ్మ తిరగలి గురించి చిన్నప్పటి నుంచీ వింటున్నా. ఒక రోజు నేనే గిద్దెడు పెసలు విసిరాను, రెండు రోజులు భుజం లేవలేదు. ఆవిడ రోజూ ఏం పడిందో అప్పుడు అర్థమైంది. నటి చేతులు మనకు చూపించేది అదే. మాటలు కల్పితమైనా, పని కల్పితం కాదు కదా.

అరణ్యం77:
పని కూడా కల్పితం కావచ్చు గోంగూర గారూ. ఐర్లండ్ అరన్ దీవుల మీద 1934లో డాక్యుమెంటరీగా వచ్చిన ‘మ్యాన్ ఆఫ్ అరన్’ సినిమా చూడండి. అందులో తల్లిగా కనిపించే మ్యాగీ డిరేన్ ఆ ఊరావిడే, కానీ ఆ కుటుంబం నిజం కుటుంబం కాదు. ముఖాలు చూసి ఏరుకున్నారు. పైగా దీవివాళ్లు ఎప్పుడో మానేసిన సొర చేపల వేటను మళ్లీ నేర్పించి మరీ తీశారు. చూసినవాళ్లు అప్పటి రోజువారీ బతుకు అదే అనుకున్నారు. క్రోకోమ్ వీడియోలు అంతకంటే నయం. ఇది వేషమని చూడగానే తెలుస్తుంది.

పాతపొయ్యి:
అరన్ ఉదాహరణతో సగం ఒప్పుకుంటున్నా. అక్కడ మోసం వేషంలో లేదు, వేషమని చెప్పకపోవడంలో ఉంది. ఇక్కడా ఒక మాట స్పష్టంగా చెప్పాలి: వీడియోల్లోని వంటలన్నీ ఆవిడ పుస్తకంలోవి కావు, ఆ కాలపు వేరే పుస్తకాల్లోవీ ఉన్నాయి. ఏది ఎక్కడిదో తెరమీదే వేస్తే నా గొడవ సగం తీరుతుంది.

మిగతా సగం వేరే. కొద్ది నిమిషాల వీడియోలో బొగ్గు మోసే పని, రాగి గిన్నెలు తోమే పని కత్తెరలో పోతాయి. పెద్ద వంటావిడ కింద చిన్న వయసు అమ్మాయిలు పొద్దున్నుంచి రాత్రిదాకా చాకిరీ చేశారు. ఆ అమ్మాయిల్లో ఒకరి రోజంతా, తోముడుతో సహా, కోయకుండా తీయమనండి. నటి చేసినా సరే, డాక్యుమెంటరీ అని నేనే పిలుస్తా.

గోంగూర_గుంటూరు:
అలాంటిది తీస్తే మొదట మా అమ్మకు చూపిస్తా. తోముడు సంగతి ఆవిడకు నాకంటే బాగా తెలుసు.