గోడ మీద 1189 అని రాసుకుంటే పబ్‌కి అంత వయసు వచ్చేస్తుందా?

గుంటూరు కుర్రాడు:
శనివారం నాటింగ్‌హామ్‌లో 'యే ఓల్డ్ ట్రిప్ టు జెరూసలేం' అనే పబ్‌కి వెళ్ళాం. తెల్లగోడ మీద నల్లక్షరాలతో క్రీ.శ. 1189, ఇంగ్లండ్‌లోకెల్లా పాత సత్రం అని రాసుంది. ఫొటో తీసి ఇంట్లోవాళ్ళ గ్రూపులో పెట్టేశా. మా రూమ్మేట్ ఒకటే నవ్వు. ఎవరిది కరెక్టు?

రాతిమాట:
రూమ్మేట్‌దే, తమ్ముడూ. 1189 అంటే సింహహృదయుడు రిచర్డ్ పట్టాభిషేకం జరిగిన ఏడు. జెరూసలేం యుద్ధానికి పోతున్న సైనికులు ఇక్కడ ఆగి ఓ గుక్క తాగి వెళ్ళారన్న కథకి ఆ ఏడు అతికినట్టు సరిపోయింది, అంతే. రుజువుగా ఒక్క కాగితం ముక్క లేదు. ఇప్పుడున్న కట్టడం 1650 ప్రాంతానిది. పేరు కూడా ఒకప్పుడు 'పిల్‌గ్రిమ్', అంటే యాత్రికుడు. జెరూసలేం పేరు 1799లో గానీ కనపడదు. రామప్పగుడికి 1213 నాటి శాసనం ఉంది కాబట్టి పేచీ లేదు. శాసనం లేని గుడికెళ్ళి అడగండి, ఏకంగా త్రేతాయుగం నుంచి మొదలుపెడతారు. ఇదీ ఆ బాపతు స్థలపురాణమే.

డెర్బీ అక్క:
కట్టడం అంటే ముందు భాగం ఒక్కటేనా? వెనక గదుల్లోకి వెళ్ళారా అసలు? అవి కట్టినవి కావు, కోటకొండలోకి తొలిచినవి. మెత్తటి ఇసుకరాయి, ఉలికి ఇట్టే లొంగుతుంది. ఆ ఊరి కింద ఇలాంటి గుహలు 800 పైనే ఉన్నాయి. కొండ మీద విలియం రాజు కోట మొదలెట్టింది 1068లో. పైన అంత మంది సిపాయిలుంటే కింద బీరు కాచకుండా ఉంటారా? గుహలో ఎండాకాలమైనా చలికాలమైనా ఒకటే చల్లదనం. పీపాలు దాచుకోడానికి అంతకన్నా మంచి చోటు దొరకదు. కోట బీరు అక్కడే కాచేవారని ఊళ్ళో చెప్పుకోవడం ఊరికే కాదు.
(ఆ పబ్‌లో అద్దాలపెట్టెలో ఉన్న ఓడబొమ్మని మాత్రం తుడుస్తామనకండి. తుడిచినవాళ్ళు బతకలేదట. దుమ్ము దులపడానికి బద్ధకమై పుట్టించిన కథ అని నా అనుమానం!)

రాతిమాట:
గుహ పాతదే అక్కా, కాదనను. కానీ బీరు కాచిన చోటు వేరు, దారిన పోయేవాడి దగ్గర డబ్బు పుచ్చుకుని పోసిన చోటు వేరు. తాటిచెట్టు వయసు తీసుకెళ్ళి కల్లుదుకాణానికి రాస్తామా?

డెర్బీ అక్క:
దుకాణం ఆ చెట్టు తొర్రలోనే ఉంటే రాస్తాం మరి!

లండన్ బాబాయి:
మీ ఇద్దరూ మిగతావాళ్ళని వదిలేశారు. అదే ఊళ్ళో 'బెల్', 'సాల్యుటేషన్' అనే పబ్‌లు కూడా మేమే పాత అంటాయి. సాల్యుటేషన్ వాళ్ళయితే 1240 అని రాసుకున్నారు. ఓ టీవీ కార్యక్రమం కోసం దూలాల్లో చెక్క వలయాలు (చెట్టుకి ఏడాదికొకటి పడేవి) లెక్కపెట్టిస్తే రెండిట్లోనూ 15వ శతాబ్దపు కలప తేలింది. అంటే రాసుకున్న ఏడు ఆ సాల్యుటేషన్‌కీ దక్కలేదు. కానీ కట్టడం లెక్కన ఆ రెండూ ట్రిప్ కన్నా రెండొందల ఏళ్ళు పెద్దవి. సెయింట్ ఆల్బన్స్ ఊళ్ళో 'ఫైటింగ్ కాక్స్' పబ్‌కయితే అన్నిటికన్నా పాతదని గిన్నిస్ రికార్డే ఉండేది. 2000లో గిన్నిస్ వాళ్ళు ఆ విభాగాన్నే ఎత్తేశారు. రాయిని లెక్కపెట్టాలా, దూలాన్నా, వ్యాపారాన్నా అన్నది తేలందే ఈ పోటీకి అర్థం లేదు. నన్నడిగితే దూలమే. అది అబద్ధమాడదు.

రాతిమాట:
పాత ఇంటి దూలం తెచ్చి కొత్త ఇంట్లో వేస్తే? మన పల్లెల్లో టేకు దూలాలు ఎన్ని ఇళ్ళు మారలేదు బాబాయ్!

లండన్ బాబాయి:
అదీ నిజమేరా. ఒక్క దూలాన్ని నమ్మకూడదు, కప్పు మొత్తం చూడాలి.

గుంటూరు కుర్రాడు:
ఇప్పుడు గ్రూపులో ఏం రాయమంటారు? మా నాన్న ఆ ఫొటో ఇప్పటికే ఊరంతా పంపేశాడు.